సింహం మొహం

"పిల్లి కాదయ్యా నేనడిగింది!" తాబెస్ ఆ కంచుబొమ్మని బల్ల మీద ఠంగుమని పెట్టింది. "సింహం మొహం ఉన్న అమ్మవారు కావాలి."

బొమ్మలు పోతపోసే పెతీసె చేతికంటిన మైనం తుడుచుకున్నాడు. ఈజిప్టులోని పెర్‌బాస్త్ గుడివీధిలో ఇంత గొంతున్న ఆడమనిషిని అతను ఎప్పుడూ చూడలేదు.

"ఏ కాలంలో ఉన్నావమ్మా? సింహం మా తాతల నాటి మాట. బాస్తెట్ తల్లి ఎప్పుడో చల్లబడింది. ఇప్పుడంతా పిల్లి రూపమే. ఇదిగో, కూనలతో ఉన్నది తీసుకో. కడుపు పండుతుంది."

"చల్లబడిందా? చల్లబరిచింది మీరేగా! కోరలు పీకేసి, చెవులకి పోగులు పెట్టి, ఒళ్ళో కూనల్ని పడేశారు. మీ మగాళ్ళకి అలా ఉంటేనే హాయి. నాకు పిల్లి వద్దు. నా పిల్ల బతకాలి."

పెతీసె నవ్వబోయి, ఆ చివరి మాటకి ఆగాడు.

"ఏమైందమ్మా?"

"అల్లుడు. పెళ్ళై మూడేళ్ళు. రెండుసార్లు కడుపుతో ఉన్నదాన్ని తన్నాడు, రెండూ పోయాయి. మొన్న చెయ్యి విరిచాడు. పెద్దమనుషులేమో సర్దుకుపొమ్మంటున్నారు. ఆఖరికి అమ్మవారికి కూడా సర్దుకుపోవడమే నేర్పారు మీరు."

పెతీసెకి ఒళ్ళు మండిపోయింది. అతనికీ ఇద్దరు కూతుళ్ళున్నారు.

"వాణ్ణి కాదు, కన్నవాళ్ళననాలి! గాలికి వదిలేసుంటారు!" అంటూ పోతకి ముందు చేసుకున్న మైనపు బొమ్మనొకదాన్ని అందుకున్నాడు. పిల్లి చెవులు నలిపేశాడు. మెడ చుట్టూ జూలు పెట్టాడు, మూతి వెడల్పు చేశాడు, కోరలు బయటికి లాగాడు. తాత నేర్పిన పని చెయ్యి మరిచిపోలేదు. తాబెస్ కళ్ళార్పకుండా చూస్తూ నిలబడింది.

"వాడి పేరు చెప్పు. పీఠం మీద చెక్కుతాను. తల్లి వెతుక్కుంటూ పోయి వాడి గొంతు కొరకాలి."

"హోర్."

"హోర్ అంటే వీధికి పదిమంది! ఊరొదిలి పోయిన మావాడూ హోరే! అమ్మవారు ఎవణ్ణని పట్టుకుంటుంది? ఫలానా తల్లి కన్న హోర్ అని ఉండాలి. కన్నతల్లి పేరు లేకపోతే శాపం తగలదు. వాళ్ళమ్మ పేరేంటి?"

"వాడెప్పుడూ చెప్పలేదు. అది కనుక్కోవడానికే పడవెక్కి ఇంత దూరం వచ్చాను."

"ఇక్కడెవరు చెబుతారమ్మా నీకు?" పెతీసె చెక్కే పుల్ల మైనం మీద ఆనించి తలెత్తాడు.

తాబెస్ గొంతు మొదటిసారి తగ్గింది.

"మీ ఆవిడ పేరేమిటి?"