కంబం సాక్షి

“చేసినానని ఒప్పుకో మామా. ప్రమాణం మాత్రం వద్దు,” అంది నాగేంద్రమ్మ మొగుడితో.

పంచె బిగించుకుంటున్న కొండయ్య ఆగాడు. “చేయని పని ఒప్పుకోమంటావేందే?”

ఆమె కొంగు చేతికి చుట్టుకుని బిందె అందుకుంది.

పులివెందుల పక్క పల్లె అది. మొన్న రాత్రి కొండయ్య దాయాది నారాయణ తోటలో కాపుకొచ్చిన చీనీ చెట్లను ఎవరో మొదలంటా నరికేశారు. ఆ నారాయణ గట్టు పక్కనే లోతుగా బోరు వేయించబట్టే కిందటేడు కొండయ్య తోట నిలువునా ఎండి కట్టెలైంది. పైగా ఆ రాత్రి కొండయ్య ఇంట్లో లేడు. శనగ కళ్లం దగ్గర కాపలా పడుకున్నానంటాడు. చూసినవాళ్లు లేరు. ఇంకేం, ఊరి వేళ్లన్నీ అతనివైపే తిరిగాయి.

పెద్దమనుషులు తేల్చేశారు. తడిగుడ్డలతో నరసింహస్వామి గుడి ముందున్న గరుడకంబాన్ని కౌగిలించుకుని ప్రమాణం చేయాలి. చేయకపోతే నేరం ఒప్పుకున్నట్టే.

ఆ రాతికంబం పేరెత్తితే ఊళ్లో మొండివాళ్లు కూడా గొంతు తగ్గిస్తారు. పైనుంచి కిందిదాకా దానికొక నెర్రె. స్వామి ఉండేది గర్భగుడిలో కాదు, అందులోనేనని నమ్మకం. అబద్ధమాడి దాన్ని తాకినవాణ్ణి ఇంటిదాకా పోనిస్తాడట. హిరణ్యకశిపుణ్ణి పట్టినట్టే పగలూ రాత్రీ కాని వేళ, లోపలా బయటా కాని గడప మీద పట్టుకుంటాడట. నాగేంద్రమ్మ చిన్నప్పుడు అలా గడప మీద పడివున్న మనిషిని ఒకణ్ణి చూసింది. కళ్లు తెరిచే ఉన్నాయి. ఆ చూపు ఈనాటికీ ఆమెను వదల్లేదు.

గుడి దగ్గర బిందెతో మొగుడి నెత్తిన నీళ్లు పోస్తూ, “మామా, ఒక మాట చెప్పాల,” అంది.

“ఇప్పుడేం చెప్పొద్దు. ముందీ పని కానీ.”

“నీకేమన్నా అయితే నేను బతకలేను మామా.”

చుట్టూ చేరిన ఆడవాళ్లు చెవులు కొరుక్కున్నారు. కట్టుకున్నదానికే నమ్మకం లేకపోతే ఊరికేం ఉంటుంది!

కొండయ్య కంబాన్ని రెండు చేతులా చుట్టుకున్నాడు. పూజారి చెప్పించినట్టే గట్టిగా అన్నాడు.

“నేను నరకలేదు. నా ఇంటోళ్లు నరకలేదు. నరికినోళ్లెవరో నాకు తెలీదు. సామి సాక్షి.”

నెర్రెలోంచి ఎవరో ఊపిరి వదిలినట్టు చల్లగా తగిలింది నాగేంద్రమ్మకు. పక్కనున్నవాళ్లేమో ఉక్కకు కొంగులు విసురుకుంటున్నారు.

నారాయణ ముఖం మాడ్చుకునే చేయి కలిపాడు. ఊరికి గొడవ తీరిపోయింది. ఆమెకు సాయంత్రం మిగిలింది.

పొద్దు వాలేదాకా మొగుణ్ణి కళ్లలో వత్తులు వేసుకుని చూసింది. అతను దగ్గితే ఉలిక్కిపడింది. కునికితే తట్టి లేపింది. దీపాలవేళకు కొండయ్య మంచం మీంచి లేచాడు. తిన్నగా వచ్చి తలవాకిలి గడప మీద చతికిలబడ్డాడు.

“ఆడ కూచోవద్దు మామా! లోపలికన్నా రా, బయటికన్నా పో. నీ కాళ్లు పట్టుకుంటా!” ఆమె బావురుమంది.

“ఈడనే బాగుంది. నువ్వూ రా.”

వీధిలో వెలుతురు పలచబడింది. గుడివైపు మొరుగుతున్న కుక్కలు ఉన్నట్టుండి ఆగిపోయాయి. కొండయ్య ఆమెను పక్కన కూర్చోబెట్టుకుని చేయి అందుకున్నాడు. మూసిన గుప్పిట మెల్లగా విప్పాడు.

“గొడ్డలి పట్టి ఎరగని చేతులు గదమ్మే, ఈ బొబ్బలకు ఇంత వెన్న పూసుకో,” అన్నాడు.