అన్నం తినే సీను

“కట్!”

పొద్దుటి నుంచి అది పదకొండో కట్.

గార్ల దగ్గరి తండాలో వెబ్ సిరీస్ షూటింగ్. దళం నడిపే కమాండర్ వేషం అక్షయది. కొడకండ్ల పిల్ల. ఇదే మొదటి పెద్ద అవకాశం.

కమాండర్ చాలా ఏళ్లకు ఇంటికొచ్చి, తల్లి పెట్టిన అన్నం తినాలి. అంతే సీను. అదే కుదిరి చావడం లేదు!

“చూడమ్మా, వెనకటి సినిమాల్లో హీరోయిన్‌కు తుపాకీ ఇచ్చేది పాటలో తిప్పడానికి. ఇప్పుడు కథంతా నీదే. పొద్దుగూకేలోపు సీను రాకపోతే రేపు ఇంకో అమ్మాయిని పెట్టుకుంటా” అన్నాడు డైరెక్టర్.

కథంతా ఆమెదేనట. జుట్టు మాత్రం విరబోసుకోవాలట!

అక్షయకు ఏడుపొక్కటే తక్కువ. తుపాకీ గోడకు ఆనించి మళ్లీ కంచం ముందు కూర్చుంది.

“గట్ల తింటరా బిడ్డా ఎవరన్న?”

అంట్లు తోమే కూలికి వచ్చిన కమ్లీ. అరవై దాటిన మనిషి.

“నీకేం తెలుసే ముసలమ్మా? ముందు ఈమెను పంపించేయండి!” డైరెక్టర్ కసిరాడు.

కమ్లీ చేతులు కడుక్కుని బయటికి నడిచింది. అక్షయకు మనసొప్పలేదు. వెనకే పరుగెత్తింది.

“అవ్వా, ఎట్ల తినాలె? జర చెప్పవా?”

“జుట్టు ముడేసుకో. కంపలల్ల చిక్కుతది. తుపాకి ఒళ్లె పెట్టుకో. ఎడమ చెయ్యి దాని మీదనే ఉండాలె. బూట్లు ఇప్పకు. తలుపు దిక్కు చూసుకుంట తిను.”

“అమ్మ దిక్కు చూడొద్దా?”

“చూడకు బిడ్డా. చూస్తె లేవబుద్ధి కాదు.”

అక్షయ తిరిగొచ్చి అలాగే తిన్నది.

ఒక్క టేకులో ఓకే. డైరెక్టర్ కళ్లు తుడుచుకున్నాడు.

“ఆ ముసలమ్మ దళంలో పనిచేసే ఉంటుంది. పిలవండి, సిరీస్ అయ్యేదాకా మనతోనే ఉంచుకుందాం” అన్నాడు.

అక్షయ తండా అంతా వెతికింది. చివరికి జనరేటర్ దగ్గర దస్రు కనిపించాడు. అదే తండా మనిషి.

“అన్నా, కమ్లీ అవ్వ ఏది?”

“గిప్పుడే కూలోళ్ల డీసీఎం బండి ఎక్కిందక్కా. టేకుమట్ల దిక్కు మిరపకాయ ఏరబోయింది. రెండు నెల్లదాక రాదు.”

అక్షయ ఉసూరుమంది. కనీసం కాళ్లకు దండం పెట్టుకోవాలనుకుంది.

“ఎన్నేండ్లు తుపాకి పట్టిందన్నా ఆమె?”

“కమ్లీ అవ్వనా?” దస్రు తల అడ్డంగా ఊపాడు. “తుపాకి ముట్టనే లేదక్కా. అడవికి పోయిన బిడ్డ ఒక్కపాలి ఇంటికొస్తె ఎదురుంగ కూసోని బువ్వ పెట్టింది, గంతే. మళ్ల ఆ బిడ్డ రాలె.”