వాగవతలి గొంతు

దసరా సెలవులొస్తే బడిపిల్ల తిరుమలకు మక్కచేనులో మంచె మీదే కాపురం. తల్లి పొద్దున్నే పత్తి ఏరడానికి కూలికి పోతుంది. చిలుకలు కంకుల మీద వాలకుండా కేకలేస్తూ పిల్ల ఒక్కతే పొద్దు గడపాలి.

ఈసారి మాత్రం తోడు దొరికింది. "హోయ్! పో పిట్టా, పో!" అని తను అరిచి ఆగితే, వాగవతలి చేనులోంచి ఎవరో అమ్మాయి అచ్చం అలాగే అరుస్తోంది. మిట్టమధ్యాహ్నమైనా ఆ గొంతు అలసిపోదు.

"అన్నం తిన్నవా?" అని కూడా తిరుమల అడిగి చూసింది. జవాబుగా పిట్టల్ని తోలే కేకే వచ్చింది. సిగ్గెక్కువేమో అనుకుంది.

సెలవులు అయిపోవస్తుంటే, గడ్డిలో మాగేసిన సీతాఫలాల్లో పెద్దవి రెండు చున్నీలో కట్టుకుని వాగు దాటింది.

అక్కడ మంచె లేదు. గట్టు మీద చేను ఆసామి వెంకట్రాజం బీడీ కాలుస్తున్నాడు.

"పెద్దబాపూ, మీ చేన్ల అరిసే పిల్లేది?"

"పిల్లెక్కడిది బిడ్డా, గది మైకు!" కర్రకు కట్టిన మైకు చూపించాడు.

"మరి గొంతెవలది? ఆమె ఏడుంటది?"

వెంకట్రాజం నవ్వాడు. "నీదేనే! పోయినేడు నువ్వు మంచె మీద అరుస్తాంటె ఫోన్ల రికార్డు జేసిన."

పండ్లు రెండూ ఆయన చేతిలో పెట్టి వచ్చేసింది.

మంచె ఎక్కేసరికి వాగవతల మళ్లీ కేక. ఈసారి అది అన్నం తిన్నవా అని అడిగినట్టే ఉంది.

"ఇంకా తినలే," అంది తిరుమల, మెల్లగా.