వెనక కూర్చున్న మనిషి

"బండి నడిపింది నువ్వా, చనిపోయిన సాంసనా?"

ఇన్సూరెన్స్ కంపెనీ లాయరు భానుప్రకాష్ ఆ ప్రశ్న రెండోసారి అడిగాడు. బోనులో ఉన్న శ్రీధర్ కుడికాలి మీద బరువు పడకుండా చెక్కను గట్టిగా పట్టుకుని నిలబడ్డాడు.

"నేనే సార్."

సూర్యాపేట కోర్టు హాల్లో చివరి బెంచీ మీద కూర్చున్న సారమ్మ కళ్లు మూసుకుంది. సాంసన్ ఆమెకు ఒక్కడే కొడుకు. మూడేళ్ల కింద మేళ్లచెరువు దగ్గర సిమెంటు ఫ్యాక్టరీలో షిఫ్టు దిగి, కాంట్రాక్టరు మోటారు సైకిల్ మీద స్నేహితులిద్దరూ కోదాడకు బయల్దేరారు. మలుపులో బండి కల్వర్టును గుద్దింది. సాంసన్ అక్కడే ప్రాణం విడిచాడు. శ్రీధర్ కాలు విరిగింది.

వెనక కూర్చున్న మనిషి పోతే ఇన్సూరెన్స్ వాళ్లు పరిహారం కట్టాలి. నడిపినవాడు తన తప్పుతోనే పోతే కట్టనక్కర్లేదు. సారమ్మ వేసిన కేసంతా ఆ ఒక్క మాట దగ్గరే ఆగింది. పోలీసు కాగితాల్లోనేమో నడిపింది సాంసనేనని ఉంది.

పది రోజుల కింద శ్రీధర్ కుంటుకుంటూ పెన్‌పహాడ్‌లోని సారమ్మ ఇంటికి వచ్చాడు. "కోర్టుల నేనే నడిపిన్నని చెప్తా, పెద్దమ్మా" అన్నాడు.

"వద్దు బిడ్డా. నా తిండి కోసం నువ్వు అబద్ధమాడుడేంది? రేపు నిన్ను జైల్ల పెడితే?"

"పెడితే పెట్టనియ్యి" అని లేచి వెళ్లిపోయాడు. అప్పటి నుంచీ ఆమెకు కంటి మీద కునుకు లేదు.

భానుప్రకాష్ ఒక కాగితం తీసి అతని ముందు పెట్టాడు.

"కోదాడ దవాఖానల పోలీసులకు నువ్విచ్చిన స్టేట్‌మెంట్ ఇది. సంతకం నీదేనా?"

"నాదే సార్."

"ఏం రాసుందో నేనే చదువుత. 'బండి సాంసన్ నడుపుతుండె. జోరుగ పోయి కల్వర్టుకు గుద్దిండు.' ఇది నువ్వు చెప్పిందేనా?"

"నేను చెప్పిందే."

సారమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. మూడేళ్లుగా ఆ జోరే ఆమెను తినేస్తోంది. పలకరించడానికి వచ్చినవాళ్లు కూడా పోతూ పోతూ, "అంత తొందర ఏముండె వానికి?" అని ఒక మాట అనకుండా పోలేదు. మందలించి పెంచలేదేమోనని తనను తానే తిట్టుకున్న రోజులున్నాయి.

"నీకు లైసెన్సు ఉండెనా?" లాయరు అడిగాడు.

"లేకుండె సార్."

"సాంసన్‌కు?"

"ఉండె."

"లైసెన్సున్న మనిషి వెనక కూసున్నడు, లేని నువ్వు నడిపినవ్. జడ్జి మేడం గారిని గిది నమ్మమంటవా?"

భానుప్రకాష్ చివరి బెంచీ వైపు చెయ్యి చూపించాడు.

"దోస్తు తల్లిని చూసి జాలిపడ్డవ్. మంచిదే. కానీ జాలిపడి దొంగ సాక్ష్యం చెప్తే ఎట్ల? నడిపింది నువ్వే అయితే ఆనాడు పోలీసులకు గట్లెందుకు చెప్పినవ్?"

శ్రీధర్ ఒక్కసారి సారమ్మ వైపు చూశాడు. జడ్జి మేడం కాసేపు ఆగి, మళ్లీ అడిగి, చివరికి టైపిస్టుకు చెప్పింది: "సాక్షి జవాబు ఇవ్వలేదు."

వరండాలోకి వచ్చాక సారమ్మ తరఫు లాయరు రచన ఫైలు చంకలో పెట్టుకుంటూ నిట్టూర్చింది.

"ఇగ కష్టమే అమ్మా. తీర్పు వచ్చే నెల వస్తది. ఆశ మాత్రం పెట్టుకోకండి."

ఆమె ఇంకో కేసుకు పిలుపు రావడంతో లోపలికి వెళ్లిపోయింది. శ్రీధర్ మెట్ల మీద కూలబడ్డాడు. సారమ్మ వచ్చి పక్కన కూర్చుని అతని వీపు నిమిరింది.

"పరేషాన్ గాకు కొడుకా. పైసలు రాకపోతే రాకపాయె. మిరపకాయలు ఏరనీకి చేతులున్నయ్ నాకు."

అతను ఆమె చేతి కింది నుంచి కొంచెం పక్కకు జరిగాడు.

"దవాఖానల నీ మంచం పక్కన నిలవడి ఏమన్ననో యాదుందా? మావోడు నీ కాలు ఖరాబు చేసిండు, వాని తప్పు కాయి బిడ్డా అని నీకు మొక్కిన. అయినా నువ్వు మమ్మల్ని ఇడువలే. ఇయ్యాల నా కోసం అందరి ముందట దొంగ అనిపించుకున్నవ్. దేవుని మీద ప్రమాణం చేసి అబద్ధమాడినవ్ రా. ఆ పాపం నీకొద్దు. నా మీద వెయ్యమని ప్రార్థన చేస్త."

శ్రీధర్ మెట్టు మీద నుంచి కిందికి జారి ఆమె రెండు పాదాలూ పట్టుకున్నాడు. వచ్చేపోయే జనం ఆగి చూస్తున్నారు.

"లే కొడుకా. గిదేంది? లే."

అతను లేవలేదు. నుదురు ఆమె పాదాలకు ఆనించి, ఎక్కిళ్ల మధ్య అన్నాడు.

"ఇయ్యాల నేను అబద్ధమాడలే పెద్దమ్మా. వెనక కూసుంది వాడే... జర మెల్లగ పోరా అని నా భుజం పట్టుకొని బతిమిలాడుతనే ఉండె."