ఏడవని మనిషి

అండాలవ్వ శవాన్ని వాకిట్లోకి తెచ్చి పడుకోబెట్టేసరికి, పట్నం బస్సు దిగి ఒకామె వచ్చింది.

తెల్ల వాయిలు చీర, చేతిలో చిన్న సంచి. ఎవరినీ పలకరించకుండా వచ్చి అండాలవ్వ కాళ్ల దగ్గర కూర్చుంది.

అప్పటికే కూతురు గోపమ్మ, తల్లి మీద పడి ఏడ్చి ఏడ్చి సోలిపోయి ఉంది. రెండేళ్లు మంచాన పడ్డ తల్లిని ఎత్తి దించి నడుం విరిగిన మనిషి. అయినా ఆమె శోకం ఎత్తుకుంటే మూడు వాడల ఆడవాళ్లు కొంగులు నోట్లో కుక్కుకున్నారు. పోచంపల్లిలో గోపమ్మలా ఏడ్చేవాళ్లు లేరని పేరు. ఏడుపుకు కూడా పేరొస్తుంది మరి!

కొత్తామె మాత్రం ఏడవలేదు.

"ఎవరు బిడ్డా నువ్వు?" పక్కింటి సోమమ్మ అడిగింది.

"రాజమణిని." గొంతు గుసగుసలా వచ్చింది.

"అవ్వ ఆఖరి గడియలల్ల ఉందని నేనేసిన కార్డు అందిందా! గోపమ్మా, మీ అక్కనే!"

గోపమ్మ ఉయ్యాలలో ఉండగానే నాటకాల కంపెనీ వెంట వెళ్లిపోయిన అక్క. మొహం చూడటం ఇదే మొదలు.

"మద్రాసుల ఏం జేస్తున్నవ్ బిడ్డా?" సోమమ్మే మళ్లీ అడిగింది.

"సిన్మాలల్ల పని."

"బొమ్మల కనవడ్తవా?"

"లేదవ్వా. తెర ఎనుక ఏ పని జెప్తే గా పని. బట్టలు కుట్టిన, జడలల్లిన, మాటలు మర్చిపోతే అందిచ్చిన..." ఇంకేదో చెప్పబోయి, గొంతు పట్టుకుని ఆగిపోయింది.

గోపమ్మకు ఒళ్లు మండింది.

"అమ్మ సచ్చి పడుంటే నీ పనులు జెప్తున్నవా? నోరు తెరిసి ఒక్క శోకం పెట్టవైతివి!"

"ఏడ్వలేను చెల్లె." రాజమణి కళ్లు తుడుచుకుంది.

"కండ్లు తుడుసుకుంటే ఏడ్సినట్టా?"

స్నానం చేయించే వేళకు రాజమణి లేచి చెంబు అందుకుంది.

"ఒక్క చెంబు పోస్త. గందుకే వచ్చిన."

గోపమ్మ ఆ చెంబు గుంజుకుంది.

"అమ్మ కోసం ఏడ్వనోల్లు అమ్మకు నీళ్లు పొయ్యొద్దు."

రెండేళ్లు చాకిరీ చేసినదాన్ని ఎవరేమంటారు? రాజమణి తల్లి పాదాలు కళ్లకద్దుకుని సాయంత్రం బస్సుకు వెళ్లిపోయింది.

రెండు నెలల తర్వాత దశరథం అనే ఆయన ఇల్లు వెతుక్కుంటూ వచ్చాడు. జడ్చర్ల మనిషి. మద్రాసులో సినిమాలకు మాటలూ పాటలూ పట్టే మిషను దగ్గర పని.

"మీ అక్క పోయిందమ్మా. గొంతుల పుండు. పది దినాలైంది."

రాట్నం మీద నేత నూలు కండెలు చుడుతున్న గోపమ్మ లేవలేదు. తల్లితోనే కన్నీళ్లన్నీ అయిపోయినట్టుంది ఆమెకు.

"మా అమ్మ పోతే ఆమె ఏడ్వలే. ఇప్పుడు నాకెట్ల వస్తది ఏడుపు?"

"ఎట్ల ఏడుస్తది తల్లీ? గట్టిగ మాట్లాడితేనే నెత్తురు పడ్తుండె. ఏడ్సి ఏడ్సే గొంతు పుండైంది."

"ఎవరి కోసం ఏడ్సింది గంతగనం?"

"సిన్మాల హీరోయిన్‌కు తల్లి సచ్చిపోతది సూడు, గప్పుడు. ఆ పిల్లలకు తెలుగే సరిగ రాదు, ఇగ శోకమేడ వస్తది? నోరు వాళ్లు కదిలిస్తరు, ఏడుపు మీ అక్కది. పదమూడేండ్లు ఏడ్సింది. నచ్చకుంటే ఒక్క సీనుకే ఇరవై సార్లు ఏడిపిచ్చేటోల్లు. పేరు మాత్రం ఏడ ఎయ్యలే."

రాట్నం ఆగిపోయింది.

ఊరి బయట డేరా సినిమా పడినప్పుడల్లా గోపమ్మ వెళ్లి నేల మీద ముందు వరుసలో కూర్చునేది. శోకంలో దీర్ఘం ఎక్కడ తీయాలో, ఊపిరి ఎక్కడ తెగాలో అక్కడే, ఆ హీరోయిన్ల ఏడుపు విని నేర్చుకుంది.

ఆ పొద్దు తల్లి శవం మీద పడి మూడు వాడలను ఏడిపించింది గోపమ్మ నోరే గానీ, ఆ ఏడుపు రాజమణిది.