ఐదో వాయిదా

టైలరమ్మ ఈసారీ ఒక కాగితం మరిచిపోయి వచ్చింది.

“ఇన్సూరెన్స్ ఏదమ్మా?” అన్నాడు అటవీశాఖ గుమాస్తా.

ఆమె సంచిలో ఉన్నవన్నీ బల్ల మీద పెట్టింది. కళ్లజోడు డబ్బా, కొలతల టేపు, రెండు దారపుండలు. కాగితం మాత్రం లేదు. పక్కన నిలబడ్డ తమ్ముడు తల పట్టుకున్నాడు.

బండి ఆమె పేరున ఉంది. నడిపేది తమ్ముడు. ఎనిమిది నెలల కిందట కూరగాయల బుట్టల కింద అడవి దుంగలతో చెక్‌పోస్టు దగ్గర దొరికిపోయాడు. అతనికి బెయిలొచ్చింది, బండికి రాలేదు. ఆఫీసు వెనక దొడ్లో, పట్టుబడ్డ జీపులూ ట్రాక్టర్ల మధ్య వానకు నానుతోంది. తనకు తెలియకుండా జరిగిందని యజమాని రుజువు చేసుకుంటే వదిలేస్తారు. లేదంటే అది సర్కారుదే.

టైలరమ్మకు అదేమంత కష్టం కాదు. పొద్దస్తమానం మిషను ముందు కూర్చునే మనిషికి దుంగల సంగతేం తెలుసు? కాగితాలన్నీ ఒక్కసారి తెస్తే చాలు. కానీ మొదటి వాయిదాకు ఆర్సీ మరిచింది. రెండోసారి తేదీనే మరిచింది. మూడోసారి చేసిన సంతకం పాత సంతకంతో కలవలేదు. నాలుగోసారి ఫొటో లేదు. విచారణ చేసే అధికారి ఎన్నడూ విసుక్కోలేదు. వాయిదా మీద వాయిదా వేస్తూ పోయాడు.

గుమాస్తాకు మాత్రం అనుమానం పట్టుకుంది. ఊళ్లో సగం మంది జాకెట్ల కొలతలు నోటికి చెప్పగల మనిషికి ఇంత మతిమరుపేమిటి? పైగా వచ్చినప్పుడల్లా దొడ్లోకి వెళ్లి బండి చుట్టూ తిరుగుతుంది. కాలితో టైరు నొక్కి చూస్తుంది. వదిలే ముందు బండిని అంగుళమంగుళం తనిఖీ చేస్తారు. అందులో ఏదో దాచారు, తనిఖీ జరిగేలోపే సందు చూసుకుని తీసుకుపోవాలనే ఈ నాటకమంతా అనుకున్నాడు.

కాపలావాళ్లతో సీట్లు విప్పించాడు. అడుగు చెక్కలు పీకించాడు. ఒక తెగిన చెప్పూ, ఎండిపోయిన నాలుగు టమాటాలూ దొరికాయి. అనుమానం ఇంకాస్త బలపడింది.

ఇవాళ ఆమె దొడ్లోకి వెళ్లగానే వెనకాలే వెళ్లాడు.

“టైర్లన్నీ గాలి పోయినట్టున్నాయి కదా బాబూ?” అందామె.

“ఎప్పుడో పోయాయి. ఇంజను కూడా పట్టేసింది.”

ఆమె ముఖంలో బాధ కోసం వెతికాడు. మచ్చుకైనా లేదు. గేటు దగ్గర తమ్ముడు బీడీ కాలుస్తున్నాడు. ఎడం చేతికి రెండు వేళ్లు లేవు.

“దుంగ మీద పడిందటగా?” అన్నాడు గుమాస్తా ఆమెను పరీక్షగా చూస్తూ.

“తలుపు సందులో పడ్డాయని నాతో చెప్పాడు” అందామె, తల తిప్పుకుని.

తమ్ముడు వచ్చి గుమాస్తాకు దణ్ణం పెట్టాడు. మా అక్క మనసు వెన్న, మతి మాత్రం జల్లెడ అన్నాడు. బండి చేతికొస్తే వారం తిరక్కుండా నిలదొక్కుకుంటానన్నాడు. వచ్చే వాయిదాకు కాగితాలన్నీ తనే సర్ది తెస్తానన్నాడు. ఆ మాటకు టైలరమ్మ ఉలిక్కిపడింది. గుమాస్తా అదీ గమనించాడు.

వాళ్లు వెళ్లగానే అధికారి గదిలోకి నడిచాడు. చూసిందంతా పూసగుచ్చినట్టు చెప్పాడు. వాళ్లిద్దరూ తోడుదొంగలేననీ, అక్కే అసలు సూత్రధారి అనీ తేల్చేశాడు.

అధికారి అడ్డు చెప్పకుండా విన్నాడు. తలుపు మూసి రమ్మన్నాడు. సొరుగులోంచి ఫోను తీసి, ఇది ఈ గది దాటకూడదని చెప్పి, బండి దొరకడానికి ముందురోజు వచ్చిన కాల్ వినిపించాడు.

“రేపు పొద్దున ఏడింటికి కూరగాయల బండొకటి వస్తుంది సార్, మా తమ్ముణ్ణి కొట్టకండి, బండిని మాత్రం మళ్లీ వాడి చేతికివ్వకండి.”