గోడ లోపల

ఆ ముసలాయన మళ్ళీ చెయ్యెత్తాడు.

రామమోహన్ సుద్దముక్క బల్ల మీద పెట్టాడు. "చెప్పండి, మిస్టర్ వెల్లా."

"టవర్ దగ్గరికొచ్చేశాక, కోట లోపలివాళ్ళు నీళ్ళు ఎక్కణ్ణించి తెచ్చుకున్నారు?"

వెనక వరసలో ఎవరో నవ్వారు.

అది 1982, డెట్రాయిట్. రామమోహన్ ఒక కార్ల కంపెనీలో డిజైన్ ఇంజనీరు. శనివారాలు పొద్దున కమ్యూనిటీ కాలేజీలో ప్రాచీన యుద్ధయంత్రాల గురించి పాఠం చెబుతాడు. కంపెనీలో ప్రతి శుక్రవారం ఎవరో ఒకరి ఉద్యోగం పోతోంది. తన వంతు ఎప్పుడో తెలియక అతనికి సరిగా నిద్ర పట్టడం లేదు.

ఆ వారం పాఠం రోడ్స్ ముట్టడి. మధ్యధరా సముద్రంలోని ఆ ద్వీపం మీదికి దాదాపు ఇరవైమూడు వందల ఏళ్ళ కిందట డెమిట్రియస్ అనే రాజు దండెత్తాడు. తొమ్మిది అంతస్తుల చెక్క టవర్ కట్టించి, దానికి చక్రాలు పెట్టించి, మూడు వేల మందికి పైగా మనుషుల చేత కోటగోడ మీదికి తోయించాడు. దాని నిండా రాళ్ళు విసిరే యంత్రాలే.

"నీళ్ళ సంగతి తర్వాత," అన్నాడు రామమోహన్. "ముందు చక్రాలు చూద్దాం."

వెల్లాకి డెబ్భై దగ్గర పడి ఉంటాయి. మొదట్లో రాతిపని చేశాడట. ఈ దేశం వచ్చాక కార్ల ఫ్యాక్టరీలో చేరి, అక్కడే రిటైరయ్యాడు. సగం క్లాసు కునుకుతూనే ఉంటాడు. మెలకువ వస్తే ఏదో ఒకటి అడుగుతాడు. పిల్లల్ని ఎక్కడ పడుకోబెట్టేవారు? రొట్టె ఎన్నాళ్ళు వచ్చింది?

ఇటలీవాడై ఉంటాడనుకున్నాడు రామమోహన్. ఎప్పుడూ అడగలేదు.

టవర్ ఎలా కదిలిందో రెండు పేజీలు రాసి తెమ్మన్నాడు. అందరూ బొమ్మలు గీసి మరీ ఇచ్చారు. వెల్లా పెన్సిల్‌తో ఒక్క పేజీ రాసి ఇచ్చాడు. పైన 'గోడ లోపల' అని పేరు పెట్టాడు.

ఆదివారం రామమోహన్ పేపర్లు దిద్దుతుంటే, భార్య శశికళ ఆ పేజీ తీసి చదివింది.

'రాయి పడేముందు పావురాలు లేస్తాయి. వాటిని చూసి పిల్లలు లోపలికి పరుగెత్తుతారు. మూడో నెలకి పావురాలుండవు. తినేసి ఉంటాం. అప్పట్నించి పిల్లలకి ముందుగా తెలియదు.'

ఆమె ఆ పేజీని భర్త ముందు పెట్టింది.

"ఏవండీ, ఈయన కళ్ళతో చూసినట్టు రాశాడు."

"క్రీస్తుకి ముందు జరిగింది ఎలా చూస్తాడు శశీ? వీల్స్ గురించి రాయమంటే పావురాల గురించి రాశాడు. ఒక్క రిఫరెన్స్ లేదు."

"ఒకసారి అడిగి చూడండి."

"ఎవర్నని అడగను? ఇంకా పద్దెనిమిది పేపర్లున్నాయి. చాలా టైర్డ్‌గా ఉంది."

అతను ఎర్రసిరాతో 'ఉంటాం' కొట్టేసి, 'ఉంటారు' అని దిద్దాడు. కింద రాశాడు: 'ఊహ బాగుంది. ఇది చరిత్ర కాదు.' పక్కన 'డి' గ్రేడ్ వేశాడు.

తర్వాతి శనివారం క్లాసు అయిపోయాక వెల్లా ఆ కాగితంతో బల్ల దగ్గరికొచ్చాడు.

"ఇది క్లాసులో చదవనా? అయిదు నిమిషాలు చాలు."

"గ్రేడ్ మారదు, మిస్టర్ వెల్లా."

"గ్రేడ్ కోసం కాదు. ఎవరికైనా ఒకసారి చదివి వినిపిద్దామని."

రామమోహన్ గడియారం చూసుకున్నాడు. "సిలబస్ వెనకబడింది. వచ్చే వారం చూద్దాం."

వెల్లా తలూపి, కాగితాన్ని నాలుగు మడతలు పెట్టుకుని వెళ్ళిపోయాడు.

మరుసటి వారం రాలేదు. ఆ పై వారమూ రాలేదు. ప్రశ్నలు లేకపోవడం రామమోహన్‌కి హాయిగానే అనిపించింది.

కోర్సు చివరి రోజున, గది ఖాళీ అయ్యాక, ముప్ఫై దాటిన ఒకావిడ గుమ్మంలో నిలబడింది.

"నేను రీటాని. వెల్లా గారి అమ్మాయిని. నాన్న పోయారు. మూడు వారాలైంది. గుండెపోటు."

రామమోహన్ కుర్చీ చూపించాడు.

"మీ క్లాసు కోసం ఏదో రాశానని అమ్మతో అన్నారట," అంది ఆమె కూర్చుంటూ. "ఇల్లంతా వెతికాం. మీ దగ్గరుందేమోనని వచ్చాను."

"తిరిగి ఇచ్చేశాను."

"అయితే పారేసి ఉంటారు. అందులో ఏముందో గుర్తుందా?"

గుర్తుంది. రామమోహన్ మెల్లగా చెప్పాడు, రాయి గురించి, పావురాల గురించి. తను కొట్టేసిన మాటని ఆయన రాసినట్టే చెప్పాడు.

రీటా కళ్ళు మూసుకుని వింది.

"రోడ్స్ గురించి ఊహించి రాశారనుకున్నాను," అన్నాడతను.

"రోడ్స్ కాదు. మాది మాల్టా. అదీ ఆ సముద్రంలోని చిన్న ద్వీపమే. రెండో ప్రపంచయుద్ధంలో రెండేళ్ళకు పైగా ముట్టడిలో ఉంది. పైనుంచి బాంబులు, ఓడలు రాక తిండి లేదు. నాన్న మాతో ఒక్క ముక్క చెప్పలేదు."

"మరి మీకెలా తెలిసింది?"

"అంత్యక్రియలకి అక్కణ్ణించి నలుగురు ముసలివాళ్ళు వచ్చారు. మేమెప్పుడూ చూడనివాళ్ళు. శవపేటిక మొయ్యడానికి మమ్మల్ని బతిమాలుకున్నారు."

రామమోహన్ కుర్చీ లాక్కుని ఆమె ఎదురుగా కూర్చున్నాడు.

"వాళ్ళ వీధి కింద బండలో నాన్న ఏడు నెలల పాటు గునపంతో తొలిచిన సొరంగంలో ఆ నలుగురితో సహా మూడు వందల మంది బతికి బయటపడ్డారట, ఆయన మొదటి భార్య, ఇద్దరు పిల్లలు మాత్రం దాని గుమ్మం దాకా రాలేకపోయారట."